గోదావరి డెల్టా, ఆంధ్ర తీరంలో డైవింగ్

నీటి అడుగున పనిచేయడం, పోయినదాన్ని వెతికి తీయడం, అక్కడి జీవాన్ని చూసి రావడం – డైవింగ్ అన్న మాట కిందికి ఈ మూడూ వస్తాయి. గోదావరి డెల్టాలో మొదటి రెండూ పాత విద్యలే. ఇసుక పడవల కార్మికులు, కాకినాడ అఖాతంలో గుల్ల ఏరే మత్స్యకారులు, పుష్కర ఘాట్ల దగ్గర కాపలా కాసే గజఈతగాళ్లు వాటిని బతుకుతెరువుగా చేసుకున్నారు. మూడోది, అంటే గాలి సిలిండరు వీపున కట్టుకుని విహారానికి దిగే స్కూబా, ఈ తీరానికి కొత్తగా వచ్చింది. దానికోసం డెల్టావాసులు రాజమహేంద్రవరం నుంచి సుమారు 200 కి.మీ. దూరంలోని విశాఖపట్నం వెళ్లాలి. అంత పెద్ద నది, అంత పొడవైన సముద్రతీరం ఉండి కూడా ఇక్కడ స్కూబా కుదరకపోవడానికి కారణం గోదావరి మోసుకొచ్చే ఒండ్రు.

నీటి స్వభావం

నాసిక్ దగ్గరి త్ర్యంబకేశ్వరంలో పుట్టిన గోదావరి 1,465 కి.మీ. ప్రవహిస్తుంది. దాని పరీవాహక ప్రాంతం సుమారు 3.12 లక్షల చదరపు కిలోమీటర్లు. ధవళేశ్వరం దిగువన అది గౌతమి, వసిష్ఠ పాయలుగా చీలుతుంది. వసిష్ఠ నుంచి వైనతేయ విడిపోతుంది. ఈ పాయలు యానాం దిగువన, అంతర్వేది దగ్గర, ఓడలరేవు దగ్గర సముద్రంలో కలుస్తాయి.

వానాకాలంలో దక్కన్ నేలల మట్టిని కడుక్కుంటూ ఎర్రనీరు వస్తుంది. కోనసీమ లంకలకు సారం ఇచ్చేదీ, నీటిలో చూపు ఆనకుండా చేసేదీ ఆ మట్టే. వరద తగ్గాక నదిలో నీరు కొంత తేటపడినా, మొగల దగ్గర సముద్రం తేటపడదు. అక్కడ లోతు తక్కువ, అడుగు మెత్తటి బురద. కెరటం తగిలిన ప్రతిసారీ బురద మళ్లీ పైకి లేస్తుంది. పగడాలు, స్పాంజీలు పట్టుకుని ఎదగడానికి గట్టి రాయి కావాలి. పగడాలకు ఎండ కూడా నీటి అడుగుదాకా అందాలి. డెల్టా ముందరి సముద్రంలో ఈ రెండూ దొరకవు.

ఉత్తరానికి వెళ్లేకొద్దీ పరిస్థితి మారుతుంది. విశాఖ దగ్గర తూర్పు కనుమలు సముద్రాన్ని తాకుతాయి. డాల్ఫిన్స్ నోస్, కైలాసగిరి, రుషికొండ, భీమిలి వరసలో కొండరాయి నీటిలోకి సాగిపోయింది. దగ్గరలో పెద్ద నది లేదు కాబట్టి ఒండ్రు తక్కువ. అక్కడ కూడా నీరు ఏడాది పొడవునా ఒకేలా ఉండదు. అక్టోబరు నుంచి డిసెంబరు దాకా తీర ప్రవాహం ఉత్తరం నుంచి దక్షిణానికి సాగుతూ, గంగా బ్రహ్మపుత్రల మంచినీటి పాలు కలిసిన నీటిని తెస్తుంది. ఫిబ్రవరి తర్వాత ప్రవాహం ఎదురు తిరుగుతుంది. అందువల్ల శీతకాలం చివరి నుంచి ఎండాకాలం మొదలయ్యేదాకా డైవింగుకు అనువైన రోజులు ఎక్కువ.

ఇసుక పడవలు

ధవళేశ్వరంలో సర్ ఆర్థర్ కాటన్ ఆధ్వర్యంలో 1847లో మొదలై 1852లో పూర్తయిన ఆనకట్ట స్థానంలో ఇప్పుడు బ్యారేజి ఉంది. దాని ఎగువన ఇసుక మేటలు వేస్తుంది. రాజమహేంద్రవరం, కొవ్వూరు పరిసరాల రేవుల్లో ఈ ఇసుకను పడవల మీద తీస్తారు. యంత్రం లేని చోట అది పూర్తిగా మనిషి ఊపిరి మీద నడిచే పని.

పడవను మేట మీద లంగరు వేసి నిలుపుతారు. కార్మికుడు బకెట్టు పట్టుకుని, ఊపిరి బిగించి మునుగుతాడు. లోతు ఒక నిలువు ఉండవచ్చు, రెండు నిలువులు ఉండవచ్చు. అడుగున ఏమీ కనపడదు. పాదాలతో ఇసుకను పోల్చుకుని, ప్రవాహానికి ఎదురుగా బకెట్టును వాల్చి, చేత్తో తోసి నింపి పైకి వస్తాడు. పడవలో ఉన్నవాడు అందుకుని వంపుతాడు. నీళ్లు కారిపోయేలోపే అతను మళ్లీ మునుగుతాడు. పడవ అంచు నీటిమట్టానికి దిగేదాకా ఇలాగే సాగుతుంది.

ఈ పని శరీరం మీద చూపే ప్రభావాన్ని భౌతికశాస్త్రం సూటిగా చెబుతుంది. నీటిలో ప్రతి పది మీటర్ల లోతుకూ పీడనం ఒక వాతావరణ పీడనమంత పెరుగుతుంది. మూడు మీటర్లకే కర్ణభేరి మీద ఒత్తిడి నొప్పి పుట్టించేంత ఉంటుంది. స్కూబా విద్యార్థి ఆ ఒత్తిడిని రోజుకు రెండు మూడుసార్లు, నెమ్మదిగా, గైడు పక్కన ఉండగా ఎదుర్కొంటాడు. ఇసుక కార్మికుడు మునకమునకకూ ఎదుర్కొంటాడు. బురదనీటిలో కళ్లద్దాలు లేకుండా పనిచేయడం వల్ల కళ్లకూ, చెవులకూ ఇన్‌ఫెక్షన్లు సోకే ముప్పు ఉంటుంది. ఈ వృత్తిలో ఉన్న నేర్పును గుర్తించినంతగా దాని ఆరోగ్య భారాన్ని సమాజం గుర్తించలేదు.

కాకినాడ అఖాతం గుల్లలు

హోప్ ఐలాండుకూ తీరానికీ నడుమ ఉన్న కాకినాడ అఖాతం లోతు తక్కువైన, బురద నిండిన ప్రశాంత జలం. రక్తగుల్లలు, అద్దంలా పలుచగా ఉండే విండోపేన్ ఆల్చిప్పలు ఇక్కడి బురదలో పెరుగుతాయి. కేంద్ర సముద్ర మత్స్య పరిశోధన సంస్థ శాస్త్రవేత్తలు వీటిమీద దశాబ్దాలుగా అధ్యయనాలు చేశారు. ఆటు సమయంలో మత్స్యకారులు మొలలోతు నీటిలో నడుస్తూ, కాళ్లకు తగిలినదాన్ని వంగి చేత్తో ఏరుతారు. మాంసం తినడానికి పోగా, పెంకులు గుల్లసున్నం బట్టీలకు వెళ్లేవి. చూపుకు బదులు స్పర్శతో వెతకడం ఇసుక పడవల మీద ఎలా ఉందో ఇక్కడా అలాగే ఉంది.

గజఈతగాళ్లు, కచ్చులూరు వెలికితీత

నదిలో ఎవరైనా గల్లంతైతే అగ్నిమాపక శాఖ, విపత్తు స్పందన దళాలతోపాటు స్థానిక గజఈతగాళ్లను పిలవడం గోదావరి జిల్లాల్లో ఆనవాయితీ. సుడి ఎక్కడ తిరుగుతుందో, మునిగినది ఎంత దిగువకు కొట్టుకుపోతుందో వాళ్లకు తెలుసు. పన్నెండేళ్లకోసారి వచ్చే పుష్కరాల్లో ప్రతి పెద్ద ఘాట్ దగ్గరా వాళ్లను కాపలా పెడతారు. 2015 జూలై 14 నుంచి 25 దాకా జరిగిన పుష్కరాల తర్వాత రాబోయేవి 2027లో.

ఈ విద్యకు అతి కఠినమైన పరీక్ష 2019లో వచ్చింది. ఆ ఏడాది సెప్టెంబరు 15న పాపికొండల విహారానికి బయల్దేరిన రాయల్ వసిష్ఠ పర్యాటక పడవ, దేవీపట్నం మండలం కచ్చులూరు దగ్గర వరద గోదావరిలో మునిగిపోయింది. 26 మంది ప్రాణాలతో బయటపడ్డారు. ఒడ్డున ఉన్న గిరిజన గ్రామస్థులు నాటుపడవల్లో వచ్చి వాళ్లను కాపాడారు. యాభై మంది దాకా చనిపోయారు.

రెండు కొండల నడుమ ఇరుకైన ఆ చోట నది చాలా లోతుగా ఉంటుంది, సుడులు బలంగా తిరుగుతాయి. పడవను తీసే పనిని కాకినాడకు చెందిన ధర్మాడి సత్యం బృందానికి అప్పగించారు. వాళ్లు లంగర్లకు ఇనుప తాళ్లు కట్టి నది అడుగున ఉచ్చులా వేసి, ఒడ్డు నుంచి యంత్రాలతో లాగారు. వరద పెరగడంతో ఒకసారి ఆపి, తగ్గాక మళ్లీ మొదలుపెట్టారు. పడవ ఇసుకలో, బురదలో కూరుకుపోయింది. తాళ్లు జారిపోతుండడంతో విశాఖపట్నం నుంచి వచ్చిన డైవర్లు నీటిలోకి దిగి పడవకు తాడు బిగించారు. అక్టోబరు 22న పడవ బయటికి వచ్చింది. నది నడకను ఎరిగిన స్థానికుల అనుభవం, శ్వాస పరికరాలతో దిగే వృత్తి డైవర్ల శిక్షణ కలిసినప్పుడే ఆ పని పూర్తయింది. నీటి అడుగు పనుల్లో రెండూ అవసరమని చెప్పడానికి ఇంతకంటే నిదర్శనం అక్కర్లేదు.

చమురు, గ్యాస్, నౌకాదళం

కృష్ణా గోదావరి బేసిన్ డైవింగును పరిశ్రమ స్థాయికి తెచ్చింది. 1987లో కనుగొన్న రవ్వ క్షేత్రం తీరానికి దగ్గరగా ఉంది. దాని చమురు సూరసాని యానాం దగ్గర ఒడ్డుకు చేరుతుంది. ఇలాంటి క్షేత్రాల్లో గొట్టాలను, ఇనుప వేదికల కాళ్లను తనిఖీ చేయడానికి పైనుంచి గొట్టం ద్వారా గాలి అందుకునే డైవర్లు దిగుతారు. మామూలు గాలితో సుమారు 50 మీటర్ల వరకే పని. అంతకు మించితే హీలియం కలిపిన వాయువు పీల్చుతూ, పీడన గదుల్లో రోజుల తరబడి ఉండి పనిచేస్తారు.

2002లో కనుగొన్న కేజీ డీ6 క్షేత్రంలో 2009 ఏప్రిల్‌లో గ్యాస్ ఉత్పత్తి మొదలైంది. గ్యాస్ గాడిమొగ దగ్గర తీరం చేరుతుంది. అక్కడే 2020 డిసెంబరులో ఉత్పత్తి మొదలైన ఆర్ క్లస్టర్ బావులు 2,000 మీటర్లకు మించిన లోతులో, కాకినాడ తీరానికి సుమారు 60 కి.మీ. దూరంలో ఉన్నాయి. అక్కడ మనిషి దిగలేడు. ఓడ మీది నుంచి నడిపే రోబోలే మరలు తిప్పుతాయి.

విశాఖలో డైవింగుకు మూలం తూర్పు నౌకాదళం. 1971 డిసెంబరు 3–4 రాత్రి విశాఖ రేవు బయట మునిగిన పాకిస్తాన్ జలాంతర్గామి ఘాజీని నిర్ధారించడానికి నౌకాదళ డైవర్లు దిగారు. విశాఖలో విహార డైవింగ్ కేంద్రాలను నడిపినవారిలో నౌకాదళంలో పనిచేసి వచ్చినవారు ఉన్నారు.

హోప్ ఐలాండ్

గౌతమి తెచ్చిన ఇసుకను కెరటాలు ఉత్తరానికి నెట్టగా, గత రెండు వందల ఏళ్లలో కాకినాడ ఎదుట ఏర్పడిన ఇసుక దిబ్బ హోప్ ఐలాండ్. పొడవు 16 కి.మీ.కు పైనే. తుఫాను కెరటాలనుంచి కాకినాడ రేవుకు అది అడ్డుగోడ. లోపలివైపు 1978లో ఏర్పడిన కోరంగి అభయారణ్యం సుమారు 235 చదరపు కిలోమీటర్లలో విస్తరించింది. తూర్పుతీరంలోని పెద్ద మడ అడవుల్లో ఇది ఒకటి. నీటిపిల్లులు, నీటికుక్కలు ఇక్కడి ప్రత్యేకతలు.

ద్వీపం చుట్టూ గైడుతో ఒక రోజు గడపాలనుకునేవారికి డెల్టాలో దొరికేది పడవ ప్రయాణం. పోటు మీద కాలువలోకి వెళ్లి, మడచెట్ల శ్వాసవేళ్లను, పీతల కలుగులను దగ్గరగా చూసి, దిబ్బ మీద దిగి రావచ్చు. జనవరి నుంచి మార్చి దాకా ఆలివ్ రిడ్లే తాబేళ్లు ఈ ఇసుకలో గుడ్లు పెడతాయి. ఏడెనిమిది వారాల్లో పిల్లలు బయటికి వస్తాయి. రాత్రిపూట టార్చిలైట్లు వేస్తే అవి దారి తప్పుతాయి కాబట్టి ఆ కాలంలో అటవీ సిబ్బంది చెప్పినట్టు నడుచుకోవాలి.

స్కూబా పరికరాలు, సూత్రాలు

ఫ్రాన్సుకు చెందిన జాక్ కూస్తో, ఎమిల్ గన్యాన్ 1943లో రూపొందించిన రెగ్యులేటరుతో స్కూబా అందరికీ అందుబాటులోకి వచ్చే దారి పడింది. సిలిండరులోని అధిక పీడన గాలిని, డైవరు ఉన్న లోతుకు సరిపడే పీడనానికి తగ్గించి, పీల్చినప్పుడు మాత్రమే అందించడం దాని పని. సిలిండరులో ఉండేది మామూలు గాలే. ఆక్సిజన్ సిలిండరు అనడం పొరపాటు.

12 లీటర్ల సిలిండరును 200 బార్ పీడనంతో నింపితే 2,400 లీటర్ల గాలి పడుతుంది. నిమిషానికి 20 లీటర్లు పీల్చే మనిషికి ఒడ్డున అది రెండు గంటలు వస్తుంది. పది మీటర్ల లోతులో గాలి సాంద్రత రెట్టింపు అవుతుంది కాబట్టి గంటే వస్తుంది. భయపడి గబగబా పీల్చేవారికి ఇంకా తక్కువ.

మిగతా సరంజామా: ముక్కును కూడా కప్పే మాస్కు, కాళ్లకు ఫిన్స్, తేలకుండా బరువుల బెల్టు, గాలి నింపుతూ తీస్తూ నీటిలో స్థిరంగా నిలబడేందుకు జాకెట్టు, లోతునూ మిగిలిన గాలినీ చూపే మీటర్లు. మాస్కులోంచి చూస్తే వస్తువులు అసలు కంటే మూడోవంతు పెద్దవిగా, దగ్గరగా కనిపిస్తాయి. ఎరుపు రంగు కొద్ది మీటర్లలోనే నీటిలో ఇంకిపోతుంది. పైన ఎర్రగా ఉండే చేప లోతులో బూడిదరంగులో ఉంటుంది.

విశాఖ తీరంలో గైడుతో ఒక రోజు

రుషికొండ, మంగమారిపేట, భీమిలి వరస ఈ తీరంలో స్కూబాకు ప్రధాన స్థలం. విజయనగరం జిల్లా చింతపల్లి ఎదుట, ఓడలను హెచ్చరించడానికి లైట్‌హౌస్ కట్టాల్సి వచ్చిన సంతపిల్లి రాళ్లు ఉన్నాయి. శ్రీకాకుళం జిల్లా బారువ దగ్గర మునిగిన పాత నౌక శకలాల దగ్గరికి కూడా డైవర్లు వెళ్తున్నారు.

మధ్యాహ్నానికి సముద్రగాలి ఊపందుకుంటుంది కాబట్టి పని ఉదయమే మొదలవుతుంది. ముందు ఆరోగ్య పత్రం నింపాలి. ఉబ్బసం, గుండెజబ్బు, మూర్ఛ, చెవి సమస్యలు ఉన్నవారిని డాక్టరు అనుమతి లేకుండా దించరు. గర్భిణులు దిగకూడదు. జలుబు ఉంటే ఆ రోజు మానుకోవడమే మేలు.

తర్వాత నడుము లోతు నీటిలో సాధన. నోటితోనే ఊపిరి తీయడం, రెగ్యులేటరు నోట్లోంచి జారితే మళ్లీ పెట్టుకుని నీటిని ఊది పంపడం, మాస్కులోకి వచ్చిన నీటిని ముక్కుతో ఊది తీసేయడం నేర్పుతారు. నీటిలో మాట వినపడదు కనుక సైగలు కంఠతా రావాలి. బొటనవేలు, చూపుడువేలు కలిపి సున్నా చుడితే బాగున్నానని. అరచేతిని చాచి అటూ ఇటూ ఊపితే ఇబ్బందిగా ఉందని. బొటనవేలు పైకెత్తితే ‘పైకి వెళ్దాం’ అని. ఒడ్డున బాగుంది అనడానికి బొటనవేలు ఎత్తే అలవాటున్న కొత్తవాళ్లు అడుగున అదే చేస్తే, గైడు వెంటనే పైకి తీసుకుపోతాడు.

పడవ నుంచి వెనక్కి వాలి నీటిలో పడ్డాక, లంగరు తాడు పట్టుకుని అడుగడుగుగా దిగడం ఉంటుంది. మొదటి మీటరు, రెండో మీటరు దగ్గరే చెవులు బిగుస్తాయి. ముక్కు మూసి మెల్లగా ఊదాలి. చెవిలో టక్ మన్నాక ఇంకో అడుగు. తెరుచుకోకపోతే కొంచెం పైకి వచ్చి మళ్లీ ప్రయత్నించాలి, బలవంతంగా దిగకూడదు. గైడు ఒక చేత్తో జాకెట్టు పట్టుకుని ఉంటాడు, కళ్లు మాత్రం కొత్తవాడి కళ్ల మీదే ఉంచుతాడు. రెప్పలు టపటపలాడడం, బుడగలు ఎడతెరిపి లేకుండా రావడం భయానికి తొలి గుర్తులు. మొదటిసారి దిగేవారిని 12 మీటర్లకు మించి తీసుకెళ్లకూడదన్నది అంతర్జాతీయ నియమం. సాధారణంగా అందులో సగంలోనే ఆపుతారు.

రాళ్ల సందుల్లో మొరే ఈల్, లయన్ ఫిష్, సీతాకోక చేపలు, గొరకలు, రాతి రొయ్యలు కనిపిస్తాయి. చూపు ఆనే దూరం ఒక్కోరోజు కొన్ని మీటర్లే. అండమాన్‌లోని స్వరాజ్ ద్వీప్ నీటికి అలవాటుపడినవారికి అది తక్కువే అనిపిస్తుంది. కానీ విశాఖ రాళ్ల మీద ప్రాణుల సందడి తక్కువేం కాదు. గైడు వేలితో చూపించేదాకా రాయేదో చేపేదో పోల్చుకోలేని జీవులు ఇక్కడ అడుగడుగునా ఉంటాయి.

ప్రమాదాలు, జాగ్రత్తలు

స్కూబాలో మొదటి సూత్రం ఊపిరి బిగించకూడదన్నదే. పది మీటర్ల లోతులో నిండా పీల్చిన గాలి పైకి వచ్చేసరికి రెట్టింపవుతుంది. బిగించి పైకి లేస్తే ఊపిరితిత్తులు చిట్లుతాయి. ఇసుక కార్మికుడు ఒడ్డున పీల్చిన గాలితో దిగుతాడు, అది పైకి వచ్చేటప్పటికి మొదటి పరిమాణానికే చేరుతుంది. అందుకే అతనికి ఊపిరి బిగించడం విద్య, స్కూబా డైవరుకు అదే ప్రాణాంతకం. నదిలో ఈదడం బాగా వచ్చినవారు స్కూబాకు వచ్చినప్పుడు ఈ తేడాను ప్రత్యేకంగా నేర్పాలి.

లోతులో ఎక్కువసేపు ఉంటే రక్తంలో నైట్రోజన్ కరుగుతుంది. వేగంగా పైకి వస్తే బుడగలై కీళ్ల నొప్పుల నుంచి పక్షవాతం దాకా తెస్తుంది. నిమిషానికి 9 మీటర్లకు మించని వేగంతో లేవడం, 5 మీటర్ల దగ్గర మూడు నిమిషాలు ఆగడం మంచి పద్ధతి. ఒక డైవ్ తర్వాత కనీసం 12 గంటలు, ఎక్కువ డైవ్‌లైతే 18 గంటలు విమానం ఎక్కకూడదు.

నదిలో ప్రమాదం ప్రవాహానిది. ధవళేశ్వరం దగ్గర 10 లక్షల క్యూసెక్కులకు మొదటి, 13 లక్షలకు రెండో, 17 లక్షలకు మూడో ప్రమాద హెచ్చరిక ఇస్తారు. కచ్చులూరు దుర్ఘటన రోజు ప్రవాహం మొదటి హెచ్చరికకు చాలా కిందే, 5 లక్షల క్యూసెక్కుల చిల్లర ఉంది. హెచ్చరిక లేదని నది నెమ్మదిగా ఉందనుకోరాదన్నది ఆ రోజు నేర్పిన పాఠం.

వన్యప్రాణి సంరక్షణ చట్టం 1972 కింద పగడాలు, సముద్ర గుర్రాలు, తాబేళ్లకు రక్షణ ఉంది. నీటి అడుగు నుంచి చెత్తను, తెగిన వలలను తప్ప ఏదీ పైకి తేకూడదు. విశాఖ డైవర్లు స్వచ్ఛందంగా ప్లాస్టిక్, వలలు ఏరి తెచ్చే కార్యక్రమాలు చేస్తున్నారు. అది ఈ క్రీడ వల్ల తీరానికి కలిగిన స్పష్టమైన మేలు.

శిక్షణ, అవకాశాలు

తొలి స్థాయి ఓపెన్ వాటర్ కోర్సు సాధారణంగా మూడు నాలుగు రోజులు ఉంటుంది. అది పూర్తిచేసినవారు 18 మీటర్ల దాకా, తర్వాతి స్థాయివారు 30 మీటర్ల దాకా దిగవచ్చు. విహార డైవింగుకు గరిష్ఠ పరిమితి 40 మీటర్లు. డైవ్ మాస్టర్ స్థాయి నుంచి అది ఉపాధి మార్గం అవుతుంది.

గోదావరి తీరంలో ఈ శిక్షణ అందరికంటే ముందు అందాల్సింది ఇసుక పడవల కార్మికులకు, గజఈతగాళ్లకు. నీటి భయం లేకపోవడం, ప్రవాహాన్ని ఒంటితో చదవడం, చూపు లేని చోట చేతులతో పనిచేయడం వాళ్లకు ముందే వచ్చు. పీడనం, నైట్రోజన్, ప్రథమ చికిత్స గురించిన శాస్త్రజ్ఞానం, చెవి పరీక్షలు, మంచి మాస్కు, ప్రమాద బీమా వాళ్లకు ఇవ్వాల్సినవి. 2027 పుష్కరాలకు ముందే కొందరికైనా గుర్తింపు పొందిన శిక్షణ ఇప్పిస్తే, ఘాట్ల దగ్గర ప్రాణాలు కాపాడే బలగం సొంత జిల్లాల్లోనే తయారవుతుంది.